భద్రాచల మన్యమును గూర్చిన గ్రంథములు

గోదావరీనది కూనవరమువద్ద శబరిని తనలో కలుపుకొని పాపికొండల ఇరుకున ప్రవేశించుటకు ముందు, దానికి ఎడమ ఒడ్డున భద్రాచలము, రేకపల్లి, నూగూరు ప్రాంతములును, కుడి ఒడ్డున పూర్వపు పాల్వంచ సంస్థానమునకు చేరిన బూర్గంపాడు, కుక్కునూరు, వేలేరుపాడు గ్రామములును కలవు. రెండు ఒడ్డులందును కోయలు, కొండరెడ్లు నివసించిరి. వారికి ఈ నది దారియే కాని ఎల్ల కాదు. దానిని ఎల్లగా చేసినవి ప్రభుత్వములు; ఆ ఎల్లను నిలిపి యుంచినవి గ్రంథములు. ఎడమ ఒడ్డును గూర్చి వ్రాసినవారు కుడి ఒడ్డును చూడలేదు. కుడి ఒడ్డును చూచినవారు మిక్కిలి ఆలస్యముగా వచ్చిరి. ఒకే జనము యొక్క చరిత్ర రెండు వేర్వేరు అలమారలలో చేరుటకు ఇదియే కారణము. ఈ మన్యమును గూర్చి వెలువడిన ముఖ్యగ్రంథములు ఏ యుద్దేశముతో వ్రాయబడినవి, వానిలో నమ్మదగిన దేది, నమ్మరాని దేది అను విషయము పరిశోధక విద్యార్థులకు ఉపకరించునని తలచి ఈ వ్యాసము వ్రాయుచున్నాను.

మొదట పాలనా చరిత్రను కొంచెము చెప్పక తప్పదు. ఎడమ ఒడ్డు ప్రాంతమును 1860లో నిజాము ఆంగ్లేయులకు ఇచ్చివేసెను. వారు దానిని ఎగువ గోదావరి జిల్లాగా ఏర్పరచి మధ్యరాష్ట్రములలో చేర్చిరి. జిల్లాకు ముఖ్యస్థానము సిరొంచ. 1874లో భద్రాచలము, రేకపల్లి తాలూకాలు మదరాసు రాష్ట్రములోని గోదావరి జిల్లాకు మార్చబడినవి. నూగూరు ప్రాంతము ఇరువదవ శతాబ్ది తొలి దశకమున వచ్చి చేరెను. 1925లో గోదావరి జిల్లా విభజింపబడగా ఇవి తూర్పు గోదావరిలో నుండెను. 1953లో వరంగల్లు జిల్లానుండి ఖమ్మము జిల్లా వేరుపడినది. 1959లో భద్రాచలము, నూగూరు వెంకటాపురము తాలూకాలు దానిలో చేరుటతో రెండు ఒడ్డులును దాదాపు నూరేండ్ల తరువాత ఒకే జిల్లాకు వచ్చినవి. ఆ కలయిక 55 సంవత్సరములు నిలిచెను. 2014లో పోలవరము ప్రాజెక్టు నిమిత్తము కూనవరము, చింతూరు, వరరామచంద్రపురము, కుక్కునూరు, వేలేరుపాడు మండలములు మొదలగునవి ఆంధ్రప్రదేశ్‌కు బదిలీ కాగా, భద్రాచల పట్టణము తెలంగాణములో మిగిలెను. 1860లో భద్రాచలముతో కలిసి చేతులు మారిన రేకపల్లి ఇట్లు దానినుండి విడిపోయినది. ఒక పల్లె కదలకయే ఇన్ని రాజ్యములను చూచుట అరుదు.

మన తెలుగు సాహిత్యమున ఈ అడవిపల్లెల జీవనమును వెదకబూనిన వారికి లభించునది స్వల్పము. ప్రబంధములలోని వేటవర్ణనలందు ఎఱుకులు, చెంచులు, శబరులు కనబడుదురు గాని, అది కవిసమయము. చరిత్రకు ఆకరము కాదు. భద్రాచల మనగానే మనకు స్ఫురించువాడు కంచెర్ల గోపన్న. తానాషా కాలమున, అనగా 1672-1687 నడుమ, పాల్వంచ పరగణాకు తహశీలుదారుగా నుండిన ఈ భక్తుని కీర్తనలలో రామునికి చేయించిన ఆభరణముల లెక్క యున్నది. ఆ ద్రవ్యము ఏ పల్లెలనుండి, ఏ పంటనుండి, ఏ చేతులనుండి వచ్చెనో ఆ లెక్కలో లేదు. భక్తకవిని ఈ ప్రశ్న యడుగుట న్యాయము కాదని కొందరు అనవచ్చును; కాని తహశీలుదారుని అడుగవచ్చును గదా. రాముని విగ్రహములను మొదట కనుగొన్నది పోకల దమ్మక్క యను భక్తురాలని స్థలపురాణము చెప్పుచున్నది. ఆమెను వనవాసినిగా భావించు సంప్రదాయము బలముగా కలదు. ఆలయ చరిత్రయొక్క మొదటి పుటలో ఒక అడవి స్త్రీ పేరు ఉండుట, ఆ తరువాతి పుటలలో ఆమె జనము ప్రస్తావన సన్నగిల్లుట, ఈ రెండును గమనింపదగినవి. సురవరము ప్రతాపరెడ్డిగారి ఆంధ్రుల సాంఘిక చరిత్ర 1949లో వెలువడి మనకు క్రొత్త మార్గమును చూపినది. కాని దానికి ప్రధానాధారములు కావ్యములే యగుటచే, కావ్యము ప్రవేశింపని అడవి అందులో వెనుకబడుట సహజము.

కావున ఈ మన్యజీవనమును మొదట విపులముగా వ్రాసినవారు పరదేశీయులే. అందు ముఖ్యుడు జాన్ కెయిన్ అను క్రైస్తవ బోధకుడు. ఆయన దుమ్ముగూడెమున చిరకాలము నివసించెను. దుమ్ముగూడెమునకు బోధకులు వచ్చుటకు కారణము గోదావరి నౌకాయాన ప్రయత్నము. సర్ ఆర్థర్ కాటన్ ఊహించిన ఆ మహాపథకమున దుమ్ముగూడెము మొదటి అడ్డంకి. అచ్చట ఆనకట్ట, కాలువ, లాకులు నిర్మింపబడినవి. పనులను నడపిన హేగ్ అను ఇంజనీరు ప్రోత్సాహముతోనే అచ్చట మతప్రచార కేంద్రము వెలసెను. పథకము 1871లో విడిచివేయబడినది. పడవలు రాలేదు, బోధకులు మాత్రము నిలిచిరి. కెయిన్ భద్రాచలము, రేకపల్లి తాలూకాలను గూర్చి వ్రాసిన వ్యాసములు బొంబాయినుండి వెలువడుచుండిన ఇండియన్ ఆంటిక్వెరీ పత్రికలో 1876లోను, 1879లోను ప్రకటితమైనవి.

ఈ వ్యాసములు చిన్నవి, క్రమము లేనివి. అయినను వీనికి సాటి వచ్చునవి ఆ కాలమున లేవు. కెయిన్ తాను విన్నదానిని విన్నట్లు వ్రాసెను. కోయలు పాండవులను, ముఖ్యముగా భీమార్జునులను, మిక్కిలి గౌరవింతురనియు, రేచుకుక్కలను పాండవుల దూతలుగా భావింతురనియు, వేసవి తొలినాళ్లలో గుంపులుగా వచ్చు నల్లని పొడుగుపాటి పురుగులను పాండవుల మేకలమంద యందురనియు ఆయన మనకు తెలిపెను. దూడలను చంపినను రేచుకుక్కను కొట్టుటకు కోయ యొప్పుకొనడట. భారతకథ అడవిలో ఏ రూపమున బ్రతికియున్నదో తెలిసికొనగోరు తెలుగు పరిశోధకునకు ఈ నాలుగు మాటలు ఒక పెద్ద గ్రంథమంత విలువ గలవి. మనకు తిక్కన భారతము కలదు. వారికి ఋతువులతో వచ్చి పోవు భారతము కలదు.

కెయిన్ చెప్పిన మరియొక విషయమును మాత్రము జాగ్రత్తగా చదువవలెను. సుమారు రెండువందల యేండ్ల క్రిందట కరవు వలనను, కలహముల వలనను బస్తరు పీఠభూమినుండి దిగివచ్చితిమని కోయలు చెప్పుదురని ఆయన సేకరించిన ఐతిహ్యము. కొండలపై నుండిపోయిన గుట్టకోయలు, గోదావరి గట్టునకు చేరినవారిని గొమ్ముకోయలందురు. గొమ్ము అనగా నదీతీరము. ఈ ఐతిహ్యము కెయిన్ నుండి జిల్లా గెజిటీరునకును, 1909లో ఎడ్గర్ థర్‌స్టన్ ప్రకటించిన ఏడు సంపుటముల దక్షిణభారత కులముల గ్రంథమునకును ప్రాకినది. ఒకరు వ్రాసినదే ముగ్గురు చెప్పినట్లు కనబడును. చదువరి దానిని మూడు సాక్ష్యములుగా భ్రమపడరాదు. సాక్షి యొక్కడే.

రెండువందల యేండ్లను లెక్కగా తీసికొన్నచో కోయల రాక గోపన్న తహశీలు కాలమునకు సరిపోవును. అట్లయినచో వారు ఈ నేలకు ఆలయముతో సమవయస్కులైన వలసజనము కావలసివచ్చును. కాని ఏటూరునాగారపు అడవులలోని కోయలు సమ్మక్క సారలమ్మల కథను కాకతీయుల నాటిదిగా పాడుచుందురు. మేడారపు జాతరకు మూలమైన ఆ కథ ప్రకారము ప్రతాపరుద్రుని కాలమునకే కోయలు గోదావరికి ఈవల స్థిరపడి కప్పము చెల్లించు స్థితిలో నుండిరి. ఈ రెండు ఐతిహ్యములలో ఒకటి నిజము, ఒకటి అబద్ధము అని తేల్చనక్కరలేదు. భిన్నశాఖలు భిన్నకాలములందు వచ్చియుండవచ్చును. లేదా రెండువందల యేండ్లు అనుట మన పల్లెలలో తాతముత్తాతల నాడు అనుటవంటిదే కావచ్చును. నా యభిప్రాయము రెండవదానివైపు మ్రొగ్గును. ఏలయన వ్రాతలేని జనము చెప్పు సంఖ్య కాలమానమును గాక దూరమును సూచించును. అయితే దొర దానిని అంకెగా వ్రాసికొనెను. అచ్చుపడిన అంకె పిమ్మట వచ్చిన అధికారికి ప్రమాణమగును. అడవిపై హక్కు ఎవరిదను వివాదమున వలస వచ్చినవారు అను మాటకు ఎంత బరువు కలదో చెప్పనక్కరలేదు.

కెయిన్ తరువాత పేర్కొనదగినవి పాలకుల గ్రంథములు. హెన్రీ మారిస్ వ్రాసిన గోదావరి జిల్లా వర్ణనము 1878లోను, ఎఫ్. ఆర్. హెమింగ్వే రచించిన గోదావరి జిల్లా గెజిటీరు 1907లోను వెలువడినవి. వీనిలో రెండవది ఎక్కువ ఉపయోగకరము. గెజిటీరు కలెక్టరు బల్లపై నుండవలసిన పుస్తకము. పన్ను, దారి, కాపలా దాని ప్రధాన విషయములు. అట్టి గ్రంథమున ప్రజల కష్టము కనబడినచో అది దాచుటకు వీలుకానంత పెద్దదని గ్రహింపవలెను.

దీనికి పోడు విషయము మంచి నిదర్శనము. మధ్యరాష్ట్రముల పాలనలో రేకపల్లి ప్రాంతమున పోడు నరకుకొనుటకు ఆటంకము లేదు. గొడ్డలి యొకటికి నాలుగణాలు చెల్లించిన చాలును. నేలను కొలుచు వాడుక లేదు. 1874లో ఈ ప్రాంతము మదరాసు చేతికి వచ్చిన పిదప ఆ పన్ను ఇంచుమించు మూడింతలయ్యెను. కొన్ని అడవులలో పోడు నిషేధింపబడెను. 1879 మార్చిలో రంపదేశమున పితూరి చెలరేగినది. అచ్చట కారణములు వేరు: మున్సబుదారుని దౌష్ట్యము, కల్లుగీతపై చిగురుపన్ను, పోలీసుల పీడన. ఆ మంట కొన్ని నెలలలో రేకపల్లికి ప్రాకినది. బోదులూరు అంబులరెడ్డి నాయకుడయ్యెను. రేకపల్లి జనము మున్సబుదారుని చూచియెరుగరు. వారిని లేపినది గొడ్డలిపై పెరిగిన అణాలు. ఈ భేదమును హెమింగ్వే స్వయముగా వ్రాసినాడు. పితూరిని అణచిన ప్రభుత్వపు గ్రంథమే పితూరికి కారణము ప్రభుత్వపు మార్పని ఒప్పుకొనుచున్నది. చరిత్రకారునికి ఇంతకంటె బలమైన సాక్ష్యము కావలసిన పని లేదు.

డేవిడ్ ఆర్నాల్డ్ 1982లో ప్రకటించిన గూడెము-రంప తిరుగుబాట్ల వ్యాసము ఈ విషయమును విస్తృతపరచినది. 1839 మొదలు 1924 వరకు జరిగిన పితూరులను ఆయన ఒకే గొలుసుగా చూచెను. అల్లూరి సీతారామరాజు నాయకత్వమున 1922లో ఆరంభమైన తిరుగుబాటును ఒక వీరుని కథగా మాత్రమే చదువు అలవాటుగల మనకు ఈ వ్యాసము మేలు చేయును. ఒక్క లోపము కలదు: ఆర్నాల్డ్ చూచినది మదరాసు ప్రభుత్వపు పత్రములు. అందుచే ఆయన చిత్రించిన మన్యము గోదావరి ఒడ్డున ఆగిపోవును. ఆవలి ఒడ్డున నిజాము రాజ్యములో అదే కాలమున ఏమి జరిగినదో ఆ పత్రములు చెప్పవు.

ఆవలి ఒడ్డును గూర్చి మనకు లభించిన పెద్ద గ్రంథము క్రిస్టాఫ్ ఫాన్ ఫ్యూరర్-హైమెన్‌డార్ఫ్ రచించిన 'ది రెడ్డిస్ ఆఫ్ ది బైసన్ హిల్స్'. ఇది 1945లో లండనులో ముద్రితమైనది. బైసన్ హిల్స్ అనగా మన పాపికొండలే. గ్రంథకర్త ఆస్ట్రియా దేశీయుడు. 1939లో యుద్ధము వచ్చుటతో శత్రుదేశపు ప్రజగా పరిగణింపబడి హైదరాబాదు సంస్థానమున నిలిచిపోవలసి వచ్చెను. ఆ నిర్బంధమే మనకు మేలైనది. చెంచులను, కొండరెడ్లను, రాజగోండులను గూర్చి మూడు గ్రంథములు ఆయన వరుసగా వెలువరించెను. 1941లో భార్యతో కూడ పాల్వంచ సంస్థానపు కొండరెడ్ల నడుమ నివసించి, కొయిద, కాకిశ్‌నూరు, గోగులపూడి, కట్కూరు మొదలగు పల్లెలలో విషయసేకరణము చేసెను.

ఈ గ్రంథమున రెండు భాగములు మన దృష్టిని ఆకర్షించును. మొదటిది ఆహారమును గూర్చినది. పోడు గింజలు తరిగిపోయిన నెలలలో కొండరెడ్డి కుటుంబము జీలుగు కల్లుపైనను, అడవి దుంపలపైనను, మామిడి టెంకల లోపలి పప్పుపైనను ఎట్లాధారపడునో ఆయన నెలల వారిగా చూపెను. జీలుగుచెట్టు వారికి విలాసము కాదు, ధాన్యపు గాదె. ఈ సంగతి తెలియనివాడు కల్లుపన్నుపై 1879లో అంత అలజడి ఏల కలిగెనో గ్రహింపజాలడు. మదరాసు అధికారికి అది ఆబ్కారీ విషయముగానే తోచినది. కుడి ఒడ్డున 1941లో వ్రాసిన ఒక అధ్యాయము ఎడమ ఒడ్డున అరువదేండ్లకు పూర్వము జరిగిన పితూరికి వ్యాఖ్యాన మగుచున్నది. ఈ పుస్తకములను వేర్వేరుగా గాక కలిపి చదువవలె ననుటకు ఇదియే ప్రధాన హేతువు.

రెండవది కలప, వెదురు వర్తకులకు సంబంధించినది. మైదానమునుండి వచ్చిన గుత్తదారులు కొండరెడ్లను అప్పులలో దింపి, స్వల్పమైన కూలికి వెదురు నరికించుచు, పోడు వేయవలసిన కాలమున పనికి నిర్బంధించుచుండిరి. వెదురు తెప్పలుగా గోదావరిలో దిగువకు పోయెను. అప్పు మాత్రము పల్లెలో నిలిచెను. హైమెన్‌డార్ఫ్ ఈ సంగతులను గ్రంథముతో సరిపుచ్చక ప్రభుత్వమునకు నివేదికలుగా సమర్పించెను. అవి 'ట్రైబల్ హైదరాబాద్' అను పేర 1945లో అచ్చయినవి. పిమ్మట ఆయనయే నిజాము ప్రభుత్వమునకు గిరిజన విషయములలో సలహాదారుగా నియమితుడయ్యెను. ఇచ్చట పండితునకును, అధికారికిని నడుమ గీత చెరిగిపోవుచున్నది. కొందరు విమర్శకులు దీనిని దోషముగా నెంచిరి. రాజ్యపు ఆదరమున తిరిగినవాడు రాజ్యమును ఎంతవరకు తప్పుపట్టగలడను ప్రశ్న సమంజసమే. కాని గుత్తదారుల దోపిడిని అచ్చువేసి పాలకుల ముందుంచినది ఆ పుస్తకమే యని మరువరాదు. ఆయన 1970ల చివర మరల ఈ ప్రాంతములను దర్శించి 1982లో 'ట్రైబ్స్ ఆఫ్ ఇండియా' అను గ్రంథమును ప్రకటించెను. నలువదేండ్ల యెడముతో ఒకే కన్ను చూచిన రెండు చిత్రములు దొరకుట మన చరిత్రలో అరుదైన భాగ్యము.

భాష విషయమున ఒక మాట. కొండరెడ్ల మాతృభాష తెలుగు. కోయలది వేరు, వారు తమ్ము కోయితోర్ అందురు. గ్రియర్సన్ సంపాదకత్వమున జరిగిన భారతీయ భాషా పరిశీలనములో, 1906లో వెలువడిన నాల్గవ సంపుటమున స్టెన్ కోనోవ్ కోయను గోండీకి మాండలికముగా లెక్కించెను. అరువదేండ్ల తరువాత స్టీఫెన్ టైలర్ అను అమెరికా పండితుడు భద్రాచల ప్రాంతపు గొమ్ముకోయల భాషకు వ్యాకరణము వ్రాసెను; అది 1969లో కాలిఫోర్నియా విశ్వవిద్యాలయము ప్రచురించినది. అంతకు మూడేండ్లు ముందు, 1966లో, ఆయన కోయల బంధువాచకములపై ఒక వ్యాసమును ప్రకటించెను. ఒకే మనుష్యుడు తన బంధువును ఎవరి యెదుట, ఏ సందర్భమున పిలుచుచున్నాడను దానినిబట్టి కోయమాటనో తెలుగుమాటనో వాడునని అందు నిరూపించెను. పై గ్రంథము లన్నిటికి ఇది కొలబద్ద వంటిది. కెయిన్‌కు, గెజిటీరు అధికారులకు, హైమెన్‌డార్ఫ్‌నకు కోయలు చెప్పిన మాటలు చాలవరకు తెలుగున చెప్పినవి, లేదా తెలుగు దుబాసీల ద్వారా చేరినవి. తెలుగున మాటలాడు కోయ, ఎదుటనున్నది అధికారి యనియో, షావుకారు అనియో యెరిగి మాటలాడును. ఇంటిలో కోయభాషన చెప్పుకొను కథ వేరై యుండవచ్చును. బిరుదురాజు రామరాజుగారి తెలుగు జానపద గేయ సాహిత్యము 1958లో వెలువడి మన శాఖలకు దారి చూపినది. ఆ పద్ధతిని కొండరెడ్ల తెలుగునకు నిండుగా వర్తింపజేయవలసిన భారము తెలుగు శాఖలదే గాని లండనుదో కాలిఫోర్నియాదో కాదు.

కోయలు తమ చరిత్రను తామే వ్రాసికొనలేదనుట సగము సత్యము. వారికి పడిగె కలదు. త్రికోణాకారపు వస్త్రముపై వంశమూలమును, వేల్పులను, పూర్వుల సంచారమును బొమ్మలుగా కూర్చిన పతాక మది. గట్టునకు, ఇంటిపేరునకు తగినట్లు పడిగె మారును. కొలుపు దినమున దానిని విప్పి, డోలి కోయలు ఆ బొమ్మల క్రమమున వంశకథను గానము చేయుదురు. పాట లేనిదే బొమ్మ తెలియదు, బొమ్మ లేనిదే పాట క్రమము తప్పును. మూడవ గట్టు మొదలు ఏడవ గట్టు వరకుగల విభాగములలో ఎవరు ఎవరికి అన్నదమ్ములో, ఎవరితో వియ్యమందవచ్చునో నిర్ణయించునది ఈ కథయే. కావున దీనిని వినోదముగా గాక ధర్మశాస్త్రముగాను, వంశచరిత్రగాను చదువవలెను. మనము తాళపత్రమునకు ఇచ్చు గౌరవమును గుడ్డకు ఇచ్చుటకు వెనుదీయుచున్నాము. వలసను గూర్చి కెయిన్ వ్రాసికొన్న ఒక్క వాక్యమును, వేర్వేరు గట్టుల పడిగెలలోని సంచార క్రమముతో పోల్చి చూచినచో, పైన చెప్పిన రెండువందల యేండ్ల చిక్కు కొంతవరకు విడిపోవచ్చును.

ఈ పనికి గడువు తక్కువ. హైమెన్‌డార్ఫ్ నివసించిన కొయిద, కట్కూరు మొదలగు గ్రామములు పోలవరము ముంపు పరిధిలోనివి. ఆర్. ఉమామహేశ్వరి ఆ ముంపు గ్రామములలో తిరిగి, అచ్చటి ప్రజల మాటలను కూర్చి 2014లో 'వెన్ గోదావరి కమ్స్' అను గ్రంథమును ప్రకటించిరి. నది వచ్చుట యనగా వరద వచ్చుట. అది వచ్చి పోవును. ఆనకట్ట నీరు వచ్చి పోవునది కాదు. పల్లె తరలినపుడు ఇండ్లు తరలును గాని, కొలుపు జరుపు చెట్టు, పోడునేలల పేర్లు, వాగుల పేర్లు తరలవు. హైమెన్‌డార్ఫ్ గ్రంథములోని స్థలనామములను ఆయా గ్రామవృద్ధులచే సరిచూపించి, పటముపై గుర్తించు పని ముందుగా జరుగవలసినది. ఆ నామములు పరభాషా లిపిలో వ్రాయబడుటచే కొన్ని వికృతరూపము పొందినవి. వానిని విని సరిదిద్దగలవారు ఇప్పుడు పునరావాస కాలనీలలో చెదరియున్నారు.

పత్రముల సంగతియు అట్టిదే. రేకపల్లి చరిత్రను 1860నుండి వ్రాయదలచిన విద్యార్థి మధ్యరాష్ట్రముల కాలమునకు నాగపురమును, మదరాసు కాలమునకు చెన్నపురి పత్రభాండారమును ఆశ్రయింపవలెను. ఎదురుగానున్న కుక్కునూరునకు హైదరాబాదులోని తార్నాకలో నిజాము ప్రభుత్వపు పత్రములను చూడవలెను. అవి పెక్కు పారసీ, ఉర్దూ భాషలలో నున్నవి. దుమ్ముగూడెము బోధకుల సంఘపు పత్రములు ఇంగ్లండులో బర్మింగ్‌హామ్ విశ్వవిద్యాలయమునను, హైమెన్‌డార్ఫ్ తీసిన ఛాయాచిత్రములు, దినచర్యలు లండను ప్రాచ్య ఆఫ్రికా విద్యాశాలయందును భద్రపరుపబడియున్నవి. ఆ ఛాయాచిత్రములలో కొయిద, కాకిశ్‌నూరు కొండరెడ్ల ముఖములు కలవు. వానిని ఒక్కసారి ఆ కుటుంబముల వారికి చూపినచో, చిత్రముల క్రింద ఇన్నాళ్లు లేని పేర్లు చేరును.